ఆరు మెట్లలో తిరిగొచ్చిన లోలకం

"ఎంతవరకు చదువుకున్నారండీ?" అని అడిగేవాళ్లంటే నాకు ఒళ్లు మంట. ముందు నేను చెప్పింది తప్పో ఒప్పో తేల్చండి, తరవాత నా చదువు సంగతి అడగండి. నేను ఎనిమిదో తరగతి తప్పాను. ఆపైన నాకు ఎవరూ ఏమీ చెప్పలేదు. రాజమండ్రిలో పాత పుస్తకాలమ్మే బండి దగ్గర కొన్న పుస్తకాలు ముందేసుకుని, పక్కన ఇంగ్లీషు నిఘంటువు పెట్టుకుని, అవకలన సమీకరణాల దాకా వచ్చాను. ఒక్కో పేజీకి నెల పట్టిన రోజులున్నాయి. ఆ నెల గడిచాక ఆ పేజీ మరి మరిచిపోయింది లేదు.

నా ఉద్యోగం పాలకొల్లు అవతల కాలువ లాకు దగ్గర. ఎగువ నీళ్లకీ దిగువ నీళ్లకీ ఎత్తు తేడా ఉన్నచోట పడవని మధ్యలో ఆపి, తలుపులు మూసి, నీళ్లు ఎక్కించో దించో అవతలికి దాటించే కట్టడం లాకు. ఎగువ మట్టం, దిగువ మట్టం చూసి నల్లబల్ల మీద రాయడం నా పని. అక్కడ ఒక ఆచారం ఉండేది. కొత్త అంకె తెలిసిన మరుక్షణం పాతది తుడిచెయ్యాలి. ఎగువ మట్టం కొత్తది రాశాకే, దాన్ని చూసే, దిగువ తలుపు ఎంత ఎత్తాలో తేల్చాలి. పాత అంకె చూసి ఎత్తితే పడవ వెళ్లి రాతిగోడకి కొట్టుకుంటుంది. ముప్ఫై రెండేళ్లు ఇదే చేశాను. చెయ్యి దానికి అలవాటు పడిపోయింది.

నా పుస్తకాల్లో ఒకదాని చివరి అధ్యాయాలు హామిల్టోనియన్ వ్యవస్థల గురించి. పేరు చూసి బెదరక్కర్లేదు. రాపిడి లేకుండా ఊగే లోలకం, సూర్యుడి చుట్టూ తిరిగే గ్రహం, ఇవన్నీ ఆ కోవలోవే. లోలకానికి రెండే అంకెలు కావాలి. ఎక్కడుంది, ఎంత వేగంతో పోతోంది. ఈ రెంటి నుంచి లెక్కగట్టే శక్తి ఎన్నాళ్లు ఊగినా మారదు. ఆ ఒక్క మాట కోసం నేను ఆ పుస్తకాన్ని అట్టలు ఊడిపోయేదాకా చదివాను. మారేవాటి మధ్య మారనిది ఒకటి ఉందని రుజువుతో సహా చెప్పే విద్య మరొకటి నాకు కనబడలేదు.

ఇలాంటి సమీకరణాలు చాలామటుకు సూటిగా విడిపోవు. అప్పుడు మెట్టు మెట్టుగా కట్టుకుంటూ పోవాలి. స్థానం చూసి వేగం ఎంత మారుతుందో, వేగం చూసి స్థానం ఎంత మారుతుందో కడితే ఒక మెట్టు. నేను పలక మీద కట్టేవాణ్ణి. వేగం కట్టగానే పాతది తుడిచి కొత్తది రాసేవాణ్ణి. ఆ కొత్త వేగంతోనే స్థానం కట్టేవాణ్ణి. ఏళ్ల తరబడి వేల మెట్లు అలాగే కట్టాను. నా లోలకాలు ఎన్నడూ దారి తప్పలేదు. పుస్తకం చెప్పింది కూడా అదేననుకున్నాను.

తొంభైల చివర, నేను రిటైరైన రెండో ఏడు, లాకు గట్టు మీదే ఉండే ఒక అమ్మాయి నా దగ్గరకి లెక్కలకి వచ్చేది. వాళ్ల నాన్న కాలువల్లో వల వేసేవాడు, అమ్మ గంపలో చేపలమ్మేది. ఆ పిల్ల పక్క పట్నంలో డిగ్రీ ఆఖరి సంవత్సరం. లెక్కలు, ఫిజిక్సు, కంప్యూటర్లు తన సబ్జెక్టులు. నోటికి దురుసు, బుర్రకి పదును. కంప్యూటర్ ప్రాక్టికల్స్ రికార్డులో ఆఖరి ప్రోగ్రాంగా లోలకాన్ని ఎంచుకుంది. నేను నేర్పిన పద్ధతే రాసింది.

ఓ మధ్యాహ్నం వాళ్లమ్మ చేపల గంపతో సహా నా వాకిట్లోకి వచ్చి నిలబడింది.

"మీ లెక్కలు మా పిల్ల కొంప ముంచాయండి బాబూ! రికార్డు మీద సంతకం పెట్టనన్నాడంట ఆ లెక్చరర్ గారు. శుక్రవారం నాలుగింటిలోగా ఇవ్వకపోతే పరీక్షకి రానివ్వరంట. ఏడాది పోద్దండి. మరో ఏడాది చదివించే ఓపిక మాకు లేదు. వాళ్ల మావ సంబంధం పట్టుకుని కూర్చున్నాడు, ఇదే సందని ముడెట్టేస్తాడు."

"అమ్మా, నువ్వుండవే," అంటూ వెనకాలే వచ్చింది అమ్మాయి.

"ఎందుకుండాలే? ఈ రోజునించీ ఈ ఇంటికి చేప రాదు. కొరమీను తిని తప్పుడు లెక్క చెప్తారా?"

ఆవిడ గంప ఎత్తుకుని వెళ్లిపోయింది. అమ్మాయి రికార్డు తీసి చూపించింది. ప్రోగ్రాం మీద అడ్డంగా ఎర్రగీత, పక్కన 'తప్పు' అన్న మాట. కింద కారణం. స్థానం కట్టేటప్పుడు పాత వేగమే వాడాలి. పాత విలువని విడిగా దాచకుండా చెరిపేశారు.

నేను టెక్స్ట్‌బుక్ తీయించి చూశాను. నిజమే. రెంటికీ పాత విలువలే వాడమని ఉంది. నా పుస్తకంలోనూ అదే ఉంది. ముప్ఫై ఏళ్లుగా నేను దాన్ని చదవకుండానే చదివాననుకున్నాను. లాకు దగ్గర చెయ్యి నేర్చుకున్నది పలక మీద కూడా చేసేసింది. నా తప్పు ఒక ఆడపిల్ల ఏడాదిని మింగబోతోంది.

"దిద్ది రాసిచ్చెయ్యనాండీ, తాతగారూ?" అంది అమ్మాయి.

"ఆగమ్మా. తప్పయితే నా లోలకాలు ఇన్నాళ్లూ ఎందుకు నిలబడ్డాయి? అది తేలాలి."

మర్నాడు పొద్దున్నే కూర్చుని టెక్స్ట్‌బుక్ దారిలో కట్టాను. మెట్టు సెకనులో పదోవంతు. శక్తి ఒకటితో మొదలుపెడితే వంద మెట్లకి రెండున్నర దాటింది. ఎవరూ తోయకుండా, దానంతటది ఊపు పెంచుకుంటూ పోయే లోలకాన్ని ఎక్కడైనా చూశారా? నా దారిలో కట్టాను. శక్తి కాస్త ఎక్కింది, దిగింది, మళ్లీ ఎక్కింది, దిగింది. హద్దు దాటలేదు.

కారణం మధ్యాహ్నానికి దొరికింది. స్థానం అడ్డంగా, వేగం నిలువుగా గీసుకోండి. ఒక్కో లోలకం ఒక్కో చుక్క. నాలుగు చుక్కలు కలిపి ఒక చతురస్రం గీయండి. నిజమైన లోలకాలు ఊగుతుంటే ఆ చతురస్రం తిరుగుతుంది, వ్యవస్థని బట్టి సాగుతుంది, వంగుతుంది, కాని దాని వైశాల్యం మారదు. కాలువ సన్నబడితే నీళ్లు జోరందుకుంటాయి గాని ఉన్న నీళ్లు పెరగవు కదా, అలాగ. నా దారిలో మొదట వేగాలు మాత్రమే జరుగుతాయి. పేకముక్కల దొంతరని పక్కకి తోసినట్టు. దొంతర వాలుతుంది, ముక్కలు పెరగవు. తరవాత స్థానాలు జరుగుతాయి. మరో వాలు. రెండు తోపులకీ వైశాల్యం చెక్కుచెదరదు. రెంటినీ ఒకేసారి పాత విలువలతో జరిపితే మెట్టు మెట్టుకీ వైశాల్యం ఉబ్బుతుంది. అదీ సంగతి.

శుక్రవారం పదకొండింటికి ఇద్దరం కాలేజీకి వెళ్లాం. క్లాసులైపోయి లెక్చరర్ దొరికేసరికి ఒంటిగంటైంది. లెక్చరర్ కుర్రవాడే, ముప్ఫై దాటి ఉండవు. మర్యాద తెలిసినవాడు. కుర్చీ వేయించాడు. వేయించి, ఆ మాట అడగనే అడిగాడు.

"పెద్దాయనగారూ, మీరేం చదువుకున్నారండి?"

"ఎనిమిదో తరగతండి. తప్పింది."

గుమ్మంలో ఉన్న పిల్లలెవరో కిసుక్కున నవ్వారు. లెక్చరర్ నవ్వలేదు. "చూడండి, నేనేం పగబట్టి కొట్టెయ్యలేదు. పరీక్షకి బయటినుంచి ఎగ్జామినర్ వస్తాడండి. ఇదేం పద్ధతి, ఏ పుస్తకంలో ఉంది అంటాడు. నేనేం చెప్పను?"

"పుస్తకం సంగతి తరవాతండి. బోర్డు మీద ఆరు మెట్లు కట్టండి. నేను కోరేది అంతే. మెట్టు ఒక సెకను. చిన్నగా ఊగే లోలకం. కొలతలు అనుకూలంగా తీసుకుంటే వేగంలోంచి స్థానాన్ని తీసెయ్యడం, స్థానానికి వేగాన్ని కలపడం, ఇంతే కదా. స్థానం ఒకటి, వేగం సున్నాతో మొదలెట్టండి. మీది మీరు కట్టండి, తనది తను కడుతుంది."

"సెకను చాలా పెద్ద మెట్టండి."

"ఇద్దరిదీ అదే మెట్టు కదండీ సార్," అంది అమ్మాయి, సుద్దముక్క అప్పటికే చేతిలోకి తీసుకుని.

ఆయన లేచాడు. బోర్డుకి ఎడమవైపు ఆయన, కుడివైపు అమ్మాయి. అన్నీ పూర్ణాంకాలే. రెండు నిమిషాలు పట్టలేదు. అమ్మాయి లోలకం ఒకటి నుంచి సున్నాకి, మైనస్ ఒకటికి వెళ్లి, అక్కడ ఒక మెట్టు ఆగి, మళ్లీ సున్నా మీదుగా వచ్చి, ఆరో మెట్టుకి స్థానం ఒకటి, వేగం సున్నా దగ్గర నిలబడింది. సరిగ్గా బయల్దేరిన చోటు. లెక్చరర్ లోలకం మైనస్ రెండుకి, మైనస్ నాలుగుకి పోయి, ఆరో మెట్టుకి స్థానం సున్నా, వేగం ఎనిమిది. స్థానం, వేగం రెంటి వర్గాలూ కూడితే వచ్చే శక్తి మెట్టుకి రెట్టింపవుతూ అరవై నాలుగు రెట్లయింది.

"సార్, మీది కాకినాడ వెళ్లిపోయిందండి," అన్నాడు గుమ్మంలోంచి ఒకడు. ఈసారి నవ్వు పెద్దగానే వచ్చింది.

లెక్చరర్ అటు చూడలేదు. అమ్మాయి అంకెలే చూస్తున్నాడు. "ఇక్కడ మధ్యలో శక్తి రెండైంది కదండీ?"

"అయిందండి. మళ్లీ ఒకటికి దిగింది. మీది దిగదు."

"నిజం లోలకం తిరిగి రావడానికి ఆరు సెకన్ల పైచిలుకు పడుతుంది. ఇది ఆరుకే వచ్చేసింది."

అది నిజమే. ఒప్పుకోక తప్పదు, ఒప్పుకున్నాను. "కాలంలో కాస్త తప్పుతుందండి. మెట్టు చిన్నది చేస్తే ఆ తప్పు తగ్గుతుంది. శక్తిని మాత్రం పారబొయ్యదు, కొత్తగా పుట్టించదు. మీరు మెట్టు చిన్నది చేస్తే చిన్నగా పెరుగుతుంది. పెరగడం మానదు."

అప్పుడు ఆ పేకదొంతర మాట చెప్పాను. ఆయన బల్లమీద కాగితం లాక్కుని, రెండు తోపులకీ మాత్రికలు రాసి, వైశాల్యం ఎన్ని రెట్లవుతుందో చెప్పే నిర్ధారకం కట్టాడు. ఒకటి వచ్చింది. తన పద్ధతికి కట్టాడు. ఒకటికి మెట్టు వర్గం కలిసి వచ్చింది. కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"ఇది ఎవరు చెప్పారండి మీకు?"

"ఎవరూ చెప్పలేదండి."

"కాదు మేస్టారూ, నేను ఎమ్మెస్సీలో ఈ వైశాల్యం సిద్ధాంతం రాసి పాసయ్యాను. దాన్ని ఈ ప్రోగ్రాంతో కలిపి చూడాలని తోచలేదు."

ఆ మాట అనడానికి ధైర్యం కావాలి. అయినా నా మంట అంతటితో చల్లారలేదు. అప్పటికే రెండు కావస్తోంది.

"ఒక పని చెయ్యమ్మా," అన్నాడు అమ్మాయితో. "రెండు పద్ధతులూ పక్కపక్కన రాయి. ఈ ఆరు మెట్లూ రెండు పట్టికలుగా వెయ్యి. నిర్ధారకాలు కూడా రాయి. ఎగ్జామినర్ అడిగితే నువ్వే చెప్పాలి, నేను నోరెత్తను."

"చెప్తానండి."

"ఆయన కసురుకుంటే?"

"మా అమ్మకంటేనాండీ?"

అమ్మాయి అక్కడే స్టాఫ్‌రూము బల్ల చివర కూర్చుని మూడు పేజీలు రాసింది. ఆయన చదివి, ఒక చోట దిద్దించి, సంతకం పెట్టాడు. తరవాత పాత పేజీ తిప్పి 'తప్పు' అన్న మాటని కొట్టేశాడు.

"కొట్టేస్తే కిందున్నది కనబడుతూనే ఉంటుందండి," అన్నాను. "వచ్చే ఎగ్జామినర్ అదే చదువుతాడు. పక్కన ఒప్పని రాయండి."

"తాతగారూ, చాలండి," అంది అమ్మాయి గొంతు తగ్గించి. మూడున్నర దాటింది.

నేను కదల్లేదు. ఆయన ఆ పేజీ మళ్లీ ముందుకి లాక్కున్నాడు. అదే ఎర్ర కలంతో 'ఈ పద్ధతి సరైనదే, తరవాతి పేజీలు చూడండి' అని రాసి, దాని కింద రెండో సంతకం పెట్టాడు. సిరా ఆరలేదు. అమ్మాయి ఆ పేజీని తెరిచే పట్టుకుని, మెట్లు దిగి, ఆఫీసు కిటికీ వైపు పరుగెత్తింది.