టీ కూడా తాగని పెళ్ళికొడుకు

మా పై వాటాలో ఉండే ఇంద్రజ ఈపూరు హైస్కూల్లో హిందీ టీచరు. పొద్దున్నే నరసరావుపేటలో బస్సెక్కితే మళ్ళీ సాయంత్రానికి వస్తుంది. పిల్లలకు హిందీ ఏమాత్రం అబ్బిందో దేవుడికెరుక, ఈవిడకు మాత్రం హిందీ ప్రేమ సినిమాల పిచ్చి పట్టింది. అందులోనూ గెలిచే హీరో పనికిరాడు. వాడు తాగాలి, ఉద్యోగం ఊడాలి, ప్రేమించిన పిల్ల ఇంకొకడి మెళ్ళో దండ వేస్తుంటే మూల నిలబడి చూడాలి. అప్పుడు గానీ మా ఇంద్రజకు కడుపు నిండదు. ఎందుకే ఆ దరిద్రం అంటే, గెలిచినవాడికి మనతో ఏం పని పిన్నీ అంటుంది.

అమ్మా నాన్నా పోయారు, ఒక్కతే ఉంటుంది. ఆదివారమంతా చెవుల్లో వైర్లు పెట్టుకుని ఫోన్లో సినిమా చూస్తుంది. పైనుంచి చప్పుడే రాదు. ఆరేసిన బట్టలు తీసుకోవడానికి దిగినప్పుడు కళ్ళు చూస్తే తెలుస్తుంది, ఏడ్చిందని. నాకు ఒళ్ళు మండేది, జాలీ వేసేది.

పోయినేడు నేనే ఒక సంబంధం తెచ్చాను. పేరు త్రికోటేశ్వరరావు, చిలకలూరిపేటలో స్పిన్నింగు మిల్లు సూపర్‌వైజరు. పెళ్ళిచూపులకు వాళ్ళక్క వెంట వచ్చింది. మా తమ్ముడికి టీ కూడా అలవాటు లేదమ్మా అని మురిసిపోయింది. అతను కప్పు ముట్టలేదు, చేతులు ఒళ్ళో బిగించుకుని నేల చూస్తూ కూర్చున్నాడు. ఇద్దర్నీ కాసేపు డాబా మీదికి పంపాం. వాళ్ళు వెళ్ళాక ఇంద్రజ వద్దంది. టీ కూడా తాగని మనిషితో జన్మంతా ఏం మాట్లాడాలి అంది. ఏ వంకా లేకపోవడమే వంకా అని తిట్టిపోశాను.

మొన్న ఈపూరు బస్సు ఆలస్యమైందట. బస్టాండు దగ్గర టీ కొట్లో అతనే, గ్లాసు పట్టుకుని కనిపించాడు. ఈవిడ ఊరుకోకుండా, టీ అలవాటయిందా అని అడిగింది. అతను నవ్వి అంతా చెప్పాడు. ప్రేమించిన అమ్మాయి వేరే పెళ్ళి చేసుకుంటే తాగుడుకు పడ్డాడు. అప్పటి ఉద్యోగం పోయింది. తాగుడు మాని ఈ మిల్లులో చేరాడు గానీ, పెళ్ళిచూపులనాటికి ఇంకా చేతులు వణికేవి. కప్పు ముట్టుకుంటే బయటపడిపోతుందని, ముట్టొద్దని వాళ్ళక్క ముందే ఒట్టు వేయించుకుంది. ఇప్పుడు వాళ్ళ వీధి అమ్మాయినే చేసుకున్నాడు. ఆమెకు సంగతంతా మొదటినుంచీ తెలుసు.

"మీరు వద్దన్నారంటే, నా గురించి తెలిసిపోయిందేమో అనుకున్నానండీ. మంచిపనే చేశారనుకున్నా" అన్నాడట.

వెయ్యి అబద్ధాలాడైనా ఒక పెళ్ళి చెయ్యమన్నారు పెద్దలు. వాళ్ళక్క ఆడిన ఒక్క అబద్ధానికి ఈ పెళ్ళి చెడింది.

ఆ సాయంత్రం ఇంద్రజ వచ్చి పైకి వెళ్ళకుండా మా మెట్ల మీదే కూర్చుని ఇదంతా చెప్పింది. ఆ మహాతల్లి నిజం చెప్పుంటే ఏం పోయేదో అని నేను రుసరుసలాడాను. ఇంద్రజ చేతిసంచి ఒళ్ళోకి లాక్కుంది.

"వాళ్ళనెందుకు అంటావులే పిన్నీ. ఆ రోజు డాబా మీద ఆయన అడిగాడు, ఆదివారాలు ఒక్కరే ఉంటే ఎట్లా తోస్తుందండీ అని. నాకేంది, చానా హాయిగా ఉంటానని చెప్పా."