నా ఫైలు నాకు చదివి వినిపించిన రోజు

అక్షరములకు అధిదేవతయైన శారదకును, ఆ అక్షరములను ఇన్‌వర్డు రిజిస్టరులో చేర్చుకొనుటయో మానుటయో నిర్ణయించు గుమాస్తాలకును సమముగా నమస్కరించి, స్వస్తిశ్రీ చాంద్రమాన సిద్ధార్థి నామ సంవత్సర శ్రావణ శుద్ధ పంచమి నాడు, నా వ్యక్తిగత ఫైలును నాకు చూపవలసినదిగా హన్మకొండలోని మా శాఖ కార్యాలయానికి తొలి అర్జీ పంపుకొన్నాను.

పది రోజులకు అది తిరిగి వచ్చింది. అంచున ఎర్ర సిరాతో రెండే మాటలు: “తేదీ లేదు.”

సంవత్సరమూ, మాసమూ, పక్షమూ, తిథీ ఇన్ని ఉన్న కాగితంలో తేదీ లేదన్నవాని విద్యను గూర్చి ఆ పూట నా భార్యకు చాలాసేపు ఉపన్యసించాను. ఆమె ఉబ్బసంతో ఆయాసపడుతూ విన్నది. ఆయాసపడేవారికి ఎదురు చెప్పే ఓపిక ఉండదని, అందువల్లనే నా ఉపన్యాసాలకు మా ఇంట ఇంత ఆదరణ ఉన్నదని అప్పటికి నాకు తోచలేదు.

అప్పుడు నేను ములుగులో తెలుగు పండితుణ్ణి. ఇల్లు మాత్రం వరంగల్లులో, మగ్గాల వీధిలో. ఏడాది కిందట “పరిపాలనా కారణముల వలన” అంటూ నన్ను వరంగల్లు పాఠశాల నుండి కదిలించారు. నా భార్య మందులూ, ఆమెను ఎరిగిన డాక్టరూ వరంగల్లు దవాఖానాలో. కనుక ఆమె ఇక్కడ, నేను అక్కడ. శనివారం సాయంత్రం బస్సులో వచ్చి సోమవారం మొదటి బస్సుకు పోయేవాణ్ణి. తక్కిన దినాలు ఆమెకు తోడు ఎదురింటి అవ్వ. మగ్గాలకు కండెలు చుట్టి బతికే ఆ అవ్వ తన రాట్నాన్ని మా అరుగు మీదికే తెచ్చుకొని కూర్చునేది.

వెనుకకు మార్చమని వేడుకొంటే, “వ్యక్తిగత ఫైలులోని ఫిర్యాదు దృష్ట్యా వీలుపడదు” అని జవాబు. ఫిర్యాదు చేసినదెవరో, ఏమన్నారో వ్రాయలేదు. నాకు అక్కరలేదు కూడా. అది వరంగల్లు పాఠశాలలోని లెక్కల మాస్టారి పనియేనని నాకు రూఢి. కారణమున్నది. మా వీధివారందరికీ అర్జీలు ఉచితంగా వ్రాసిపెట్టడం నా వ్యసనం. బదిలీకి ముందటి వేసవిలో అవ్వ వచ్చి, తన మనుమరాలికి పాఠం అర్థం కాకుండా చెప్పే సారు ఒకరున్నారని, ఆయన మీద పై అధికారికి ఒక అర్జీ కావాలని అడిగింది. “పేరు జాగ ఇడువుండ్రయ్యా, మా అల్లుడు రాస్తడు” అన్నది. లెక్కల మాస్టారు గాక మరెవరై ఉంటారు? పిల్లలకు అర్థంకాని విద్య లెక్కలేనని చిన్ననాటి స్వానుభవం. రెండు రోజులు శ్రమించి, ఉపమలు ఏరి కూర్చి, నా భార్యకు రెండుసార్లు చదివి వినిపించి మరీ ఇచ్చాను. అదెవరి రచనయో గ్రహించి లెక్కల మాస్టారు ఇలా పగ సాధించాడని నా సిద్ధాంతం. ఆనాటి నుండి ఆయన ఎదురైతే నమస్కారం మానివేశాను.

తేదీ చేర్చి మరల పంపాను. ఈసారి “కోరిక ఏమో తెలియరాలేదు” అని తిరిగి వచ్చింది. నాలుగు పుటల అర్జీలో కోరిక మూడవ పుట చివర ఉన్న మాట నిజమే. మూడవది స్వయంగా తీసుకొనిపోతే, కార్యాలయంలోని సూపరింటెండెంటు దానిని వెలుతురుకు పట్టి, “ఏంది సారూ, లగ్గపత్రికనా? పెండ్లెవలిది?” అన్నాడు. నా దస్తూరిని మెచ్చుకొన్నాడనుకొని వినయంగా తల వంచాను.

ఆ మాఘంలో మేడారం జాతర వచ్చింది. ములుగు దారిన పోయే బస్సులన్నీ అటే. శనివారం నాకు తిరుగుబస్సు దొరకలేదు. ఆ రాత్రి నా భార్యకు ఊపిరి అందక, అవ్వ ఆమెను రిక్షాలో దవాఖానాకు చేర్చిందట. మరునాడు జాతర నుండి మరలివచ్చే లారీలో బెల్లపు ముద్దల నడుమ కూర్చుని నేను చేరేసరికి, మంచం పక్కన నేల మీద అవ్వ కునుకుతున్నది.

ఆదివారం సాయంత్రం నా భార్యను ఇంటికి పంపారు. సోమవారం నేను ములుగు బస్సు ఎక్కలేదు. తిన్నగా అధికారి గదికి పోయి, “నా భార్యకు జబ్బు. నా తప్పేమిటో చెప్పండి” అన్నాను. నా జీవితంలో అంత పొట్టి వాక్యాలు అదే మొదలు. అవి ఆయనకు వెంటనే అర్థమైనవి. “ఫైలు చూపరాదు. ఫిర్యాదును చదివి వినిపించవచ్చును” అని వ్రాసి ఇచ్చాడు.

సూపరింటెండెంటు ఫైలు తాడు విప్పి, నాకు కనబడకుండా అట్టను నిలబెట్టి చదవసాగాడు.

“సదరు ఉపాధ్యాయుని బోధన... నారికేళ... ఫలమును పగులగొట్టక శిశువు చేతికిచ్చి... క్షు... క్షుత్తు... సారూ, గీ క్షుత్తంటే ఏంది?”

“ఆకలి,” అన్నాను. ఆ వెంటనే, నా ప్రమేయం లేకుండానే నా నోరు, “క్షుత్తు తీర్చుకొమ్మనుట వంటిది. అట్టి ఫలము యొక్క ప్రయోజనము శిరోభంజనమే గాని ఆహారము గాదు” అని పూర్తిచేసింది.

ఆయన కాగితం వంక, నా వంక మార్చి మార్చి చూశాడు. “అక్షరం పొల్లుపోలే. మీకెట్ల ఎర్క సారూ?”

అట్ట మీదుగా తొంగి చూశాను. దస్తూరి నాది. నేను విడిచిన జాగాలో, వంకరటింకర అక్షరాలతో, నా పేరు.

ఇల్లు చేరేసరికి అవ్వ అరుగు మీద రాట్నం తిప్పుతున్నది.

“అవ్వా, ఆనాడు ఆ ఖాళీలో ఎవరి పేరు వ్రాయించావు?”

“మీదే గదయ్యా.”

“నా మీది ఫిర్యాదు నా చేతనే వ్రాయించావా?”

“మరి గంత మంచిగ ఇంకెవలు రాస్తరు? అండ్ల మీరు పైసలు గూడ తీసుకోరాయె.” రాట్నం ఆపింది. “మా పొల్ల తెలుగుల రెండుసార్లు ఫేలైంది. ‘సారు చెప్పేది సమజైతలేదవ్వా’ అని ఏడ్సేది. మీ మొఖం మీద అనబుద్ధి గాలే. జర నిమ్మళంగ చెప్పుమని పెద్దసారు మీతోని అంటడనుకున్న గని, అడివికి తోల్తడని నాకేమెర్కనయ్యా? అమ్మకు దమ్ము లేసి ఊపిరాడనప్పుడల్ల నా పాణం గుంజింది. గందుకే గదా ఈ రాట్నం ఈడ వెట్టుకున్న.”

లోపలి నుండి నా భార్య అన్నది: “మీరు చదివి వినిపించిన్నాడే అనుకున్న, ఇదంత మీ సంగతే కదా అని.”

“అప్పుడే చెప్పకపోయావా!”

“మీరు చదివెటప్పుడు నడుమ మాట్లాడితే ఊకుంటరా?”

ఇద్దరూ నవ్వారు. నా భార్యకు దగ్గు వచ్చింది. దగ్గుతూ కూడా నవ్వింది.

“ఇంకోటి రాయుండ్రి,” అన్నది అవ్వ. “సారును మళ్ల ఈడికి తోలుండ్రని.”

వ్రాసి వినిపించాను. ప్రతి మాటకూ “గిదేంది?” అన్నది; తనకు సమజుకాని మాట ప్రతిదీ కొట్టివేయించింది. ప్రార్థన పోయింది, తిథి పోయింది, ఉపమలన్నీ పోయినవి. చివరకు మిగిలినవి ఇవి: “మా వీధి తెలుగు సారును ములుగు పంపినారు. ఆయన భార్యకు దమ్ము. ఇకమీద పిల్లలకు అర్థమయ్యేటట్లు చెప్తానన్నాడు. వెనుకకు పంపండి.”

“నేనెప్పుడన్నాను?” అన్నాను.

“ఇప్పుడనుండ్రి.”

అన్నాను.

ఆ అర్జీని అవ్వ వేలిముద్రతో 1980 ఫిబ్రవరి 25న కార్యాలయంలో తీసుకొన్నారు. 1980 జూన్ 16న నేను వరంగల్లు పాఠశాలలో తిరిగి చేరాను. ఆ ఉదయం అందరికంటే ముందు లెక్కల మాస్టారికి నమస్కరించాను.