నా పెళ్ళికి ఎంచుకున్న ఎన్‌కోడర్

పెళ్ళికూతురన్నాక చీరలు ఎంచుకుంటుంది. నేను సాఫ్ట్‌వేర్ ఎంచుకుంటూ కూర్చున్నాను. "నీ మొహం మండ, ఆ కంప్యూటర్నే చేసుకోవే పెళ్ళి!" అని మా అమ్మ తిట్టని పూట లేదు.

నాన్న మస్కట్‌లో వంటపని చేసేవారు. సెలవు దొరకలేదు. నా మంచిరోజులన్నీ ఆయనకు ఫోన్లో, అయిపోయాకే తెలిసేవి. పెళ్ళయినా జరుగుతుండగా వినాలని నా పంతం. అప్పటికి నేను గుడివాడలో ఒక నెట్ సెంటర్లో పనిచేస్తున్నాను. మైకులో పడ్డ మాటను చిన్నది చేసి అప్పటికప్పుడు నెట్‌లోకి పంపేదాన్ని ఎన్‌కోడర్ అంటారు. నమ్మకమైనది ఒకటి కావాలి. పెళ్ళి కోడూరు చర్చిలో. నెట్‌కి పక్కనే పాస్టర్ గారింట్లో ఉన్న ల్యాండ్‌లైనే దిక్కు. మా దివిసీమలో గాలి గట్టిగా వీస్తే చాలు, లైను కట్.

మొదట దించుకున్నది చూడ్డానికి మహా సోకు. అరగంటకల్లా బిగుసుకుపోయింది. పైన పటారం, లోన లొటారం! రెండోదాంట్లో గొంతు బాగా వినపడేది. ఆదివారం ఆరాధనకు పెట్టి చూశాం. మౌన ప్రార్థన దగ్గర ఆగిపోయింది. చప్పుడు లేకపోతే పనైపోయిందనుకుని తనే లైను వదిలేస్తుందట. నాకు ఒళ్ళు మండిపోయింది. నాన్న మాత్రం ఫోన్ చేసి, "పోన్లేమ్మా, పాటలు విన్నాగా" అన్నారు. ఆయన బతుకంతా ఆ 'పోన్లే'తోనే గడిచింది, అదే నాకు పడదు.

మూడోది తెరమీద ఒక బూడిదరంగు పెట్టెలా కనపడేది, అందం చందం లేదు. కానీ ఎవరూ మాట్లాడకపోయినా ఆ నిశ్శబ్దాన్నీ పంపుతూనే ఉంది. లైను పోయి వస్తే, ఎవరూ ముట్టుకోకుండానే మళ్ళీ అందుకుంది. వానరోజుల్లో కూడా పెట్టి చూసి, దాన్నే ఖాయం చేశాను.

పెళ్ళిరోజు కంప్యూటర్ ముందు మా నెట్ సెంటర్ ఓనరు గారు కూర్చున్నారు.

"ఈ వధువును ఈ వరునికి ఎవరు ఇచ్చుచున్నారు?" అని పాస్టర్ గారు అడిగారు. మా పెదనాన్న నోరు తెరవబోతే ఆయన చెయ్యెత్తి ఆపి, మైకు వైపు తిరిగారు. "నాన్నగారూ, వింటున్నారుగా. ఫోన్ చేసి మీరే చెప్పండి. మేం ఆగుతామండీ."

ఇక్కడి మాట ఆయనకు చేరడానికే అరనిమిషం పైన పడుతుంది. చర్చిలో ఒక్కరూ కదల్లేదు, పసిపిల్లలు కూడా గొంతెత్తలేదు. రెండో సాఫ్ట్‌వేరే అయ్యుంటే ఈపాటికి చేతులెత్తేసేది.

అమ్మ సెల్ మోగింది. స్పీకర్ ఆన్ చేసి మైకు దగ్గర పెట్టింది.

"నేనేనండీ. నేనే ఇస్తున్నాను."

ఆ సాఫ్ట్‌వేర్ రాసిన మనిషెవరో, ఏ దేశమో తెలీదు. పిల్లాపాపలతో చల్లగా ఉండాలని ఇప్పటికీ ప్రార్థనలో తలుచుకుంటాను.

సాయంత్రం నాన్న మళ్ళీ ఫోన్ చేశారు. "నేనన్న మాట కొంచెం ఆగి మన చర్చిలోంచి నాకే వినపడిందమ్మా. వెనకాల అందరూ ఆమెన్ అన్నారు. నీ పెళ్ళిలో నేనున్నానే తల్లీ, నా చెవులతో నేను విన్నాను."