మ్యూనిక్ తెలియదన్నాను

మొగుణ్ణి నలుగురిలో కొట్టే అవకాశం ఎంతమంది ఆడవాళ్ళకి వస్తుందో నాకు తెలియదు. నాకు రెండుసార్లు వచ్చింది. రెండుసార్లూ ఒలింపిక్స్ వల్లే.

పారిస్ ఆటలు ముగిసిన మరుసటి ఏడాది మేమిద్దరం కానిస్టేబుల్ పరీక్షకి కోచింగ్‌లో చేరాం. పెళ్ళయి మూడేళ్ళు. ఆయన భీమవరంలో రొయ్యల కోసం ఐసు తయారుచేసే ఫ్యాక్టరీలో పనిచేసి మానేశారు. నేను డిగ్రీ చదివి ఇంట్లో కూర్చున్నాను. రాజమండ్రిలో ఒక మేడ మీది గది అద్దెకి తీసుకుని, పొద్దున్నే పరుగు, తర్వాత క్లాసు, సాయంత్రం చదువు అనుకున్నాం.

జనరల్ నాలెడ్జి చెప్పే మాస్టారు మిలిటరీలో చేసి వచ్చిన మనిషి. ఆయన క్లాసులో ఒకటే రూలు. జవాబు తెలిసినవాళ్ళు లేచి, తెలియనివాళ్ళని చెంప మీద కొట్టాలి. ఆడా మగా తేడా లేదు. మెల్లగా కొడితే మాస్టారే వచ్చి, ఎలా కొట్టాలో మన చెంప మీదే చూపిస్తారు. పాతికేళ్ళ వాళ్ళం, పెళ్ళిళ్ళయిన వాళ్ళం, ఒకళ్ళూ ఎదురు చెప్పలేదు. ఉద్యోగం అలాంటిది. "దెబ్బకి దెయ్యమే వదులుతుంది, జీకే రాదా అండీ?" అనేవారాయన. మేం నవ్వేవాళ్ళం.

ఆటలు జరిగిన నగరాల జాబితా మొదలుపెట్టిన రోజు నాకు లోపల్లోపల పండగే. మా నాన్న హైస్కూల్లో డ్రిల్లు మాస్టారు. నాకు ఎక్కాలకంటే ముందు ఆ ఊళ్ళే నేర్పారు, అవీ ఉత్త పేర్లు కావు. రోము వాళ్ళు అగ్నిపర్వతం పేలాక మావల్ల కాదంటే ఆటలు లండన్‌కి వెళ్ళాయని, మెక్సికోలో ఆటలకి పది రోజుల ముందు సైనికులు విద్యార్థుల్ని కాల్చి చంపారని, ఆ నెత్తురు కడిగి జెండాలు కట్టారని చెప్పేవారు. మ్యూనిక్ దగ్గరికొచ్చేసరికి ఆయన గొంతు తగ్గేది. ఆడటానికి వెళ్ళిన ఒక దేశపు జట్టులో పదకొండు మంది, టెర్రరిస్టులు బందీలుగా పట్టుకుంటే, శవాలై తిరిగొచ్చారు. "ఆ ఊరి పేరు ఊరికే అనకూడదమ్మా, తల్చుకుని అనాలి," అనేవారు. నాన్న పోయి ఆరేళ్ళయినా ఆ జాబితా ఆయన గొంతులోనే నాకు వినిపిస్తుంది.

"పంతొమ్మిది వందల యాభై ఆరు?" అడిగారు మాస్టారు. మా ఆయన బెంచీ వంతు. నలుగురూ తప్పే. మా ఆయన సిడ్నీ అన్నారు. నేను చెయ్యెత్తాను.

"మెల్‌బోర్న్ అండి. గుర్రాల పోటీలు మాత్రం స్టాక్‌హోమ్‌లో. బయటి గుర్రాల్ని ఆ దేశం రానివ్వలేదండి."

మాస్టారికి గుర్రాల సంగతి తెలియదు. చాలా సంతోషించారు. "వెళ్ళమ్మా, వడ్డించు," అన్నారు.

ఇద్దర్ని కొట్టాక మూడో మనిషి మా ఆయన. "మెల్లగా," అన్నారు పెదవి కదలకుండా. మెల్లగానే తాకించాను. మాస్టారు వచ్చారు. "ఏంటమ్మా, ఈగని తోలుతున్నావా? ఇక్కడ మొగుళ్ళూ పెళ్ళాలూ లేరు, క్యాండిడేట్లే ఉన్నారు," అని నా చెంప మీద ఒక్కటిచ్చారు. కళ్ళు బైర్లు కమ్మాయి. ఆ ఊపులోనే తిరిగి మా ఆయన్ని కొట్టాను. హాలంతా ఈలలు. అబద్ధమాడను, నా చేతికి అది బాగుంది. మూడేళ్ళ వంటకి పెట్టిన వంకలూ, పోయిన మా నాన్న జీతం మీద వేసిన జోకులూ అన్నీ ఆ అరచేతిలోకి వచ్చినట్టయింది.

గదికొచ్చేసరికి అయిదయింది, ఇంకా ఎండ ఉంది. తలుపు గడియ వేసి గైడు తీశారు.

"నీకన్నీ వచ్చుగా. చెప్పు. మొదటిది?"

"ఏథెన్స్ అండి."

కొట్టారు. ఏదో తప్పు చెప్పానేమోనని ఒక క్షణం నిజంగానే ఆలోచించాను.

"తర్వాత?"

"పారిస్."

మళ్ళీ కొట్టారు. అప్పుడు అర్థమైంది. ఇక్కడ రూలు తిరగబడింది. సరైన జవాబుకే దెబ్బ.

సెయింట్ లూయిస్‌కి కుడి చెంప. లండన్‌కి ఎడమది. స్టాక్‌హోమ్‌కి తల గోడకి తగిలింది. పంతొమ్మిది వందల పదహారుకి "జరగలేదండి, యుద్ధం," అన్నాను. ఆయన గైడులో చూసుకుని, కొట్టాలో వద్దో తేలక కాసేపు ఆగి, కొట్టారు. కింద నుంచి ఇంటావిడ కేకేసింది.

"ఏంటండీ ఆ చప్పుడూ?"

"చదువుకుంటున్నామండీ!" అన్నారు మా ఆయన, ఎంతో మర్యాదగా.

ఒక్క తప్పు చెబితే ఆగుతుందని నాకు తెలుసు. ఆయనకి కావలసిందీ అదే. అయినా చెప్పలేదు. బెర్లిన్ అన్నాను, హెల్సింకి అన్నాను, రోమ్ అన్నాను. టోక్యోకి పెదవి చిట్లింది. మెక్సికోకి జుట్టు పట్టుకుని వంచి వీపు మీద గుద్దారు, ఊపిరి ఆగిపోయింది. నాకు పొగరనుకోండి, ఏమన్నా అనుకోండి. నాన్న ఇచ్చిందంటూ నా దగ్గర ఉన్నది ఆ జాబితా ఒక్కటే.

"డెబ్బై రెండు?"

ఎడమ చెవిలో హోరు. ఆయన పిడికిలి బిగించి ఉంది. ఈసారి అది ఎక్కడ పడుతుందో నాకు కనబడింది.

"తెలియదండి," అన్నాను.

ఆయన వెంటనే ఆగిపోయారు. గైడు మూసేశారు. కిందికి వెళ్ళి ఐసు తెచ్చి, తువ్వాల్లో చుట్టి, నా చెంప మీద పెట్టారు. ఐసు పట్టుకోవడం తెలిసిన చేతులు, ఎక్కడా నొప్పి తగలనివ్వలేదు. "తెలియకపోతే తెలియదనాలి, అంతే కదే," అన్నారు ముద్దుగా. అంతసేపూ ఏడవని నేను అప్పుడు ఏడ్చాను. దెబ్బలకి కాదు. చనిపోయిన పదకొండు మందినీ, వాళ్ళ వెనకే మా నాన్ననీ, నా ఒంటిని కాపాడుకోవడానికి తెలియదనేశాను. నా మీద నాకే అసహ్యం వేసింది.

మర్నాడు చున్నీ చెంపల మీదికి లాక్కుని వెళ్ళాను. మాస్టారు జాబితా ముందుకి నడిపించారు. నా వంతు రాగానే, "డెబ్బై రెండు?" అన్నారు.

మా ఆయన తిరిగి నా వైపు చూశారు.

"తెలియదండి," అన్నాను రెండోసారి.

"మ్యూనిక్ అండి!" మా ఆయన లేచి నిలబడ్డారు. నన్ను కొడుతూ కొడుతూ జాబితా అంతా బట్టీ పట్టేశారు. మాస్టారు మెచ్చుకున్నారు. "చూశారా, నిన్న తిన్నాడు, ఇవాళ నేర్చాడు! వెళ్ళవయ్యా."

వచ్చి కొట్టారు. వాచిన చెంప మీదే, రూలు ప్రకారం, అందరి ముందూ. ఈలలు, చప్పట్లు. చున్నీ జారిపోయింది. మాస్టారు నా మొహం చూసి ఒక అడుగు వెనక్కి వేశారు.

అప్పుడు మొదలుపెట్టాను. ఏథెన్స్ నుంచి. యుద్ధాలొచ్చి ఆగిపోయినవి మూడూ వదలకుండా, మెక్సికో దాకా వచ్చి, నాన్నలా గొంతు తగ్గించి, మ్యూనిక్ అన్నాను. అక్కణ్ణుంచి పారిస్ దాకా ఆగలేదు.

"మరి తెలిసి తెలియదన్నావేంటమ్మా?" అన్నారు మాస్టారు.

"చెబితే ఈయన కొడతారండి. నిన్న సాయంత్రం ఒక్కో ఊరికీ ఒక్కో దెబ్బ కొట్టారు."

వెనక బెంచీలో ఎవరో నవ్వారు. ఆ వెంటనే హాలంతా నవ్వింది. అమ్మాయిలు కూడా. మాస్టారికి ఏం చేయాలో తెలియలేదు. మిలిటరీ మనిషి కదా, రూలునే పట్టుకున్నారు. "ఇంటి గొడవలు నాకొద్దు. ఆవిడకి తెలిసినా చెప్పనివ్వలేదు కాబట్టి తప్పు నీదయ్యా. కొట్టమ్మా నువ్వు," అన్నారు.

మా ఆయన చెంప చాపారు. చాపి నవ్వారు. ఆ నవ్వు నాకు బాగా అర్థమైంది. ఇక్కడ ఎంత గట్టిగా కొట్టినా సాయంత్రం అయిదింటికి గదికి వెళ్ళాల్సిందేగా, గడియ ఆయన చేతిలోనేగా.

నేను దగ్గరికి వెళ్ళి, ఆయనకి మాత్రమే వినబడేలా చెప్పాను.

"సాయంత్రం నేను గదికి రానండి. ఇంకెప్పుడూ రాను."

ఆ నవ్వు పోయేదాకా ఆగాను. పోయాక కొట్టాను.