పరాయి నంబరు ఇంటిపేరు

మా కంప్యూటర్లో ఎవరో పరాయివాళ్ళు దూరారన్న వార్త నాకు మొదట మోసుకొచ్చింది మా చిన్నన్నయ్య. ఆ రోజుల్లో మా ఇంట్లో ఎవరితో మాట కలపాలన్నా ముందు "ఎవులింటోళ్ళు?" అని తేల్చుకోవాల్సిందే. బరంపురం బడా బజార్లో తరాలుగా కొట్టు నడిపే ఇల్లు మరి. "సెల్లీ, నెట్ సెట్టింగులో సుక్కల నంబరొకటుంది. ఎవులదా అని ఎతికితే, మనకి కనెక్సన్ ఇచ్చినోళ్ళది కాదు, ఏదో పైదేశం కంపెనీ పేరొచ్చింది!" అని చెప్పి, ఆ సెట్టింగు అలాగే తెరిచి ఉంచి కొట్టుకెళ్ళిపోయాడు.

నేను బడికెళ్ళలేదు, అమ్మ దగ్గరే చదువుకున్నాను (ధైర్యానికి మాత్రం లోటు లేదు). పరాయి నంబరు చెరిపేశాను. గడి ఖాళీగా ఉంటే బాగోదని, పైన కనిపించిన మా కంప్యూటర్ నంబరే అందులోనూ రాశాను. మనింటివాళ్ళే కదా! ఠాకురాణి అమ్మవారికి దండం పెట్టుకుని, ప్రైవేటుగా పదో తరగతి పరీక్షకి ఫారం పంపుదామని కూర్చున్నాను. గడువు ఆ సాయంత్రంతో సరి. తప్పితే మళ్ళీ ఏడాది ఆగాలి. పరీక్షల వెబ్‌సైటు పేరు కొట్టాను, పేజీ తెరుచుకోలేదు. ఇంకో సైటు పేరు కొట్టాను, అదీ అంతే.

నేను ఏడుస్తుండగా గోసాని నువాగాం నుంచి మా మేనత్త వచ్చింది. "ఏటే ఆ మొకం?" అంది. చెప్పాను. కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వింది.

"ఓసి పిచ్చిదానా, నువ్వు పేరు కొడితే, ఆ పేరుకి నంబరు ఏటో సెప్పే మనిసుండాల గదే! ఆ మనిసిని గెంటీసి, నిన్ను నువ్వే అడుక్కుంతే ఏటొస్తాది? నాను టెలిఫోను ఎక్సేంజీలో సేసిన పనీ అదే. ఎవులైనా నా ఇంటిపేరు అడిగినారేటి?"

"మరి పరాయోళ్ళు గదా అత్తా?"

"పరాయోళ్ళే. సరైన నంబరు సెప్తన్నారా, ఎవులు ఎవులికోసం అడిగినారో ఊరంతా సెప్పుకుంతన్నారా, అది సూడు. దొంగోడైతే నంబరు పక్కన పేరు రాయించుకుని కూకుంతాడేటే?"

వెంటనే అన్నయ్యకి ఫోన్ చేసింది. "ఒరే, ఆ నంబరు అక్కడెవులు పెట్టినారు?"

అన్నయ్య గొంతు తగ్గించాడు. "పేజీలు బేగి తెరుసుకుంతాయంటే పోయినేడు నానే పెట్టినానత్తా. మరిసిపోనాను."

అప్పట్లో ఖాతా పుస్తకంలో రాసుకున్న అంకెలు చూసి అన్నయ్య చెబుతుంటే, అత్త ఒక్కొక్కటీ తిరిగి పలికింది. అది మా అత్త గొంతు కాదు, ఎవరికీ కనిపించకుండా కూర్చుని ఊరంతటినీ కలిపిన గొంతు. నేను చెంపలు తుడుచుకుని టైపు చేశాను. పేజీ తెరుచుకుంది. గడువుకి కొంచెం ముందు ఫారం వెళ్ళింది.

ఆ పరీక్ష పాసయ్యాను. తర్వాత ఇంకెన్నో పాసయ్యాను. దేవుడి దయ, అత్త దయ. అన్నీ తెలుసనుకున్న ఆ పిల్లని తలుచుకుంటే ఇప్పుడు ముద్దొస్తుంది. అత్తకిప్పుడు వినికిడి తగ్గింది, గట్టిగా అరిస్తే తప్ప వినపడదు. ఈ కథలో తన పేరు రాస్తానంటే వద్దంది. అందుకే మిమ్మల్నొకటి అడుగుతున్నాను. ఈసారి మీరు పేరు కొట్టగానే పేజీ తెరుచుకుంటే, పేరు తెలియని మా అత్తని ఒక్కసారి తలుచుకోండి.