ఉస్మాన్‌గంజ్‌లో జరగని అగ్నిప్రమాదం

మా జర్నలిజం సారు పోయారని మంగళవారం పొద్దున్నే ఫోనొచ్చింది. బాగా ఏడ్చాను. కళ్లు తుడుచుకోగానే గుర్తొచ్చింది మాత్రం సారు కాదు, ఆయన పుస్తకం కాజేసినవాడు. ఈ మాట దాచిపెట్టి రాస్తే సారు ఊరుకోరు.

పత్రికలో సబెడిటరుగా రిటైరయ్యాక సారు హుస్సేనీ ఆలంలోని తమ ఇంటి ముందుగదిలో మాలాంటివాళ్లకు ఊరికే పాఠం చెప్పేవారు. ఏ పుస్తకాలు చదవాలని అడిగితే గొప్ప పేర్లేవీ చెప్పేవారు కాదు. మంచి నిఘంటువు, రాజ్యాంగం, మున్సిపల్ చట్టం, ఊరి మ్యాపు. "ముందుగాల గివి సదువుండ్రి, మిగిలినయి తర్వాత మాట్లాడుకుందాం" అనేవారు. చేతులు కడుక్కోనిదే పుస్తకం ముట్టనిచ్చేవారు కాదు. బజ్జీ తిన్న వేళ్లతో మ్యాపు పట్టుకున్నానని నన్నోసారి నల్లా దగ్గరికి తరిమారు.

రిపోర్టింగ్ నేర్పే పుస్తకం తెలుగులో సరైంది లేదని ఆయనే చేత్తో ఒకటి రాశారు. ప్రతి అధ్యాయంలో నిజం వార్తల మధ్య ఒక ఉత్తుత్తి వార్త పెట్టేవారు. మేం తిరిగి, విచారించి దాన్ని పట్టుకోవాలి. ఉస్మాన్‌గంజ్‌లో మిర్చి గోదాము తగలబడిందని చదివి నేను ఎండలో కొట్టు కొట్టూ తిరిగాను. "కౌన్సా గోదామ్, బేటీ? యహా కుచ్ నై జలా" అంటూ, ఇక్కడేమీ కాలలేదని ఓ సేటు పగలబడి నవ్వాడు. వచ్చి చెబితే సారు చాయ్ పోయించి, "గిప్పుడు రిపోర్టర్‌వైనవు బిడ్డా" అన్నారు. అంతకంటే పెద్ద సర్టిఫికెట్ నాకు ఇంకెవరూ ఇవ్వలేదు.

మా సీనియర్ ఒకడు టైపు చేయించి తెస్తానని ఆ నోట్సు పట్టుకెళ్లాడు. కొన్నాళ్లకు అది వాడి పేరుతో అచ్చయింది. కాలేజీల్లో పాఠ్యపుస్తకమైంది, వాడు ప్రొఫెసరయ్యాడు. ముందుమాటలో కూడా సారు పేరు లేదు. గోదాము మంట మాత్రం నిజమైన వార్తగా అలాగే ఉంది. ఒక్కసారి అటు వెళ్లి అడిగిన పాపాన పోలేదు వాడు!

నేను లొల్లి చేస్తానంటే సారు ఆపారు. "పోనీతియ్యి. పోరగాండ్లు సదువుతున్నరు గద. నేనున్నంతకాలం నువ్వేం అనకు." మాటిచ్చాను. ఆయన క్షమించారు, నేను క్షమించలేదు. పేపర్లో వాడి ఫోటో కనిపిస్తే ఆ రోజంతా ఒళ్లు మండేది.

చాంద్రాయణగుట్టలో సంతాపసభ పెడితే ముఖ్యవక్త వాడే. సారు తనకు తండ్రిలాంటివారన్నాడు. ఇక ఆగలేక లేచాను.

"అన్నా, మీ బుక్కుల ఉస్మాన్‌గంజ్ అగ్నిప్రమాదం మస్తుగ రాసిన్రు. స్పాట్‌కు మీరే పోయిన్రా?"

వాడి మొహం వెలిగింది. "నేనే పోయినమ్మా. ఆ మిర్చి పొగకు మూడు దినాలు కండ్లు తెరువలే."

ముందు వరుసలో ఉన్న సారు భార్య తలెత్తారు. "ఏం పొగ బిడ్డా? అది మీ సారు మా వంటింట్ల కూసోని రాసిండు. నేను ఎండుమిర్చి ఏంచుతుంటే దగ్గుకుంటనే రాసిండు."

వెనకనుంచి ఎవరో, "నేను గూడ పోయిన, అక్కడేం కాలలే" అన్నారు. "నేను గూడ" అని ఇంకొకరు. సారు దగ్గర చదివినవాళ్లందరూ ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు. వాడు మైకు వదిలేసి కూలబడ్డాడు. అబ్బ, నా కడుపు చల్లబడింది!

నా సంచిలోంచి వాడి పుస్తకం, పెన్ను తీసి వాడి ముందు పెట్టాను.

"నీ పేరు కొట్టెయ్యి. సారు పేరు రాయి."

రాశాడు. ఈలోపు వాడి మాటలు వినడానికొచ్చిన కాలేజీ పిల్లలు తమ కాపీలు తెచ్చి బల్లమీద పేర్చారు. దండ వేసిన సారు ఫోటో కింద వాడు వంగి ఒక్కో అట్టమీదా తన పేరు కొట్టేస్తున్నాడు, సారు పేరు రాస్తున్నాడు. సారు భార్య రాసినది తీసి పక్కన పెట్టి, ఇంకొకటి వాడి ముందుకు జరుపుతున్నారు.