అన్నం సంచిలో ఇంజెక్షన్

ఈ ఉదయం ల్యాబ్‌లో రొయ్యల చెరువుల నీటి శాంపిళ్లకు నంబర్లు వేస్తుంటే ఫోన్ మోగింది. ఎవరూ కాదు, అలారం. ‘అత్తయ్య ఇంజెక్షన్ గడువు చూడాలి.’ ఏటా ఇదే రోజు మోగేలా పెట్టింది నేనే. అత్తయ్య పోయి మూడేళ్లయింది.

మా మేనత్తది కోడూరు దగ్గర పల్లె. నేను బందరులో ఉద్యోగంలో చేరిన కొత్తలో ఆవిడని కందిరీగ కుట్టింది. ఒళ్లంతా దద్దుర్లు లేచి, పెదాలు వాచి, గొంతు పూడుకుపోతుంటే అవనిగడ్డలో ఇంజెక్షన్ చేసి బతికించారు. “మళ్లీ కుడితే ఇంకా తొందరగా ముంచుతుందమ్మా, మందు మీ దగ్గరే ఉండాలి” అన్నారు డాక్టరుగారు. రెండు గాజు అంపూళ్ల అడ్రినలిన్, రెండు సిరంజీలు ఇప్పించి, ఎలా పొడవాలో మావయ్యకీ నాకూ నర్సమ్మ చేత నేర్పించారు. మిగిలింది నా పని అనుకుని ఒక కాగితం టైపు చేశాను. పైన శీర్షిక: కందిరీగ కుడితే. కింద వరసగా: ఒకటి, తొడకి బయటివైపు ఇంజెక్షన్. రెండు, పడుకోబెట్టి కాళ్లు ఎత్తిపెట్టాలి. మూడు, నూట ఎనిమిదికి ఫోన్. నాలుగు, తగ్గినట్టున్నా ఆసుపత్రికి వెళ్లాలి. లామినేషన్ చేయించి ఒకటి ఫ్రిజ్ పక్కన గోడకి అంటించాను, ఇంకోటి మందుతోపాటు స్టీలు డబ్బాలో పెట్టాను. అత్తయ్య చదివి పడీపడీ నవ్వింది. “ఏరా ఇంజనీరూ, మోటారుతో పుస్తకం ఇచ్చినట్టు నాక్కూడా ఇచ్చావే! గ్యారంటీ ఎన్నాళ్లో రాయలేదేంట్రా?” నవ్విందే గాని నా మాట తీసెయ్యలేదు. ఏ చేలోకి వెళ్లినా డబ్బా అన్నం సంచిలో, మజ్జిగ సీసా పక్కనే ఉండేది. తోటివాళ్లకి “నా రెండో మొగుడు” అని చూపించేదట.

అత్తయ్య పోయిన రోజు చేలో మినుము పీకుతున్నారు. మావయ్యా చేలోనే ఉన్నాడు. పదిగంటల వేళ అత్తయ్య “అబ్బా, కాలికేదో తగిలిందే” అని కూలబడింది. ఏం కుట్టిందో ఎవరూ చూడలేదు. మా దివిసీమలో కంటబడకుండా కరిచింది ఏదైనా ముందు పామే. పాము కాటుకి పోయినవాళ్లు లేని ఊరు లేదు కాబట్టి ఆ భయాన్ని నేను తప్పుపట్టలేను. పక్కనున్నావిడ తన కొంగు చింపి పిక్క మీద బిగించింది. ఇంకొకరు వేపాకు దూసి తెచ్చి నమిలించారు. విషం ఎక్కితే చేదు తెలియదని ఇక్కడ నమ్మకం.

“వదినా, చేదుగా ఉందా?”

“ఏం తెలీట్లేదే... నాలిక మందంగా ఉంది.”

అంతే, పామేనని తేలిపోయింది. వాచిన నాలుకకి చేదు ఎలా తెలుస్తుందని అప్పుడు ఎవరికీ తోచలేదు. మావయ్య మోటార్ సైకిల్ తీశాడు. వెనక ఒకాయన కూర్చుని, మధ్యలో ఆవిడని నిటారుగా పట్టుకున్నాడు. పడుకోబెట్టాల్సిన మనిషిని. అన్నం సంచి పది అడుగుల అవతల గట్టు మీదే ఉండిపోయింది. అవనిగడ్డ చేరేసరికి ఊపిరి లేదు. ఒంటి మీది దద్దుర్లు చూసి “పాము కాదండీ ఇది” అన్నారు డాక్టరుగారు.

దినకర్మలు అయ్యాక మావయ్యని అడిగాను. అడగకుండా ఉండాల్సింది. “డబ్బా గుర్తు రాలేదా మావయ్యా?”

ఆయన గోడ వైపు చూడకుండానే నాలుగు లైన్లూ ఒక్క తప్పు లేకుండా అప్పజెప్పాడు. “గుర్తు రాకపోవడమేంట్రా! పైన కందిరీగ కుడితే అని రాశావుగా. పాము కరిచినదానికి అది పొడిస్తే ఇంకేం ముంచుకొస్తుందోనని ముట్టుకోలేదు.”

ఆ శీర్షిక ఎలా రాయాల్సిందో ఇప్పుడు తెలుసు: ఏం కుట్టిందో తెలియకపోయినా సరే, దద్దుర్లు లేచి గొంతు పట్టేస్తే. టైపు చేయడానికి అర నిమిషం పట్టదు. ఆ చేలోంచి అవనిగడ్డకి బండి మీద ఇరవై నిమిషాలు. అత్తయ్య ఊపిరి అంతసేపు నిలవలేదు. మూడేళ్లుగా నాకు అవే ఇరవై నిమిషాలు, ఎంతకీ గడవడం లేదు.